తొమ్మిది వాట్ల వెలుతురు

మా బావని పేరుపెట్టి పిలిచేవాళ్ళు మా వీధిలో ఎవరూ లేరు. అందరికీ ఆయన వాట్లాయన. ఆయన పనిచేసే కరెంటు సామాన్ల కొట్టుకి పెద్ద పేరే ఉంది, బోర్డు మీద ఎర్ర అక్షరాలతో రాసి కూడా ఉంది. అయినా "వాట్లాయన కొట్లో కొన్నాను" అంటేనే జనానికి తెలిసేది. నిజానికి కొట్టు ఆయనది కాదు. యజమాని పొద్దున ఒకసారి, సాయంత్రం ఒకసారి వచ్చి గల్లా చూసుకుని వెళ్ళిపోయేవాడు. మా బావ జీతగాడు. పెత్తనం మాత్రం జీతానికి పదింతలు చేసేవాడు.

నేను ఆయన మరదల్ని. బావని ఆటపట్టించడం మరదలి జన్మహక్కు కాబట్టి ఇందులో వేళాకోళం కాస్త ఎక్కువే ఉంటుంది. నవ్వకుండా చెప్పే ఓపిక నాకు లేదు. కోపం లేకుండా చెప్పే ఓపిక అంతకన్నా లేదు.

కొట్లో ఆయన ముందు ఒక చెక్కపలక ఉండేది. దాని మీద మూడు హోల్డర్లు, మూడు స్విచ్చులు, పక్కన ఎంత కరెంటు లాగుతోందో చూపించే అరచేతంత మీటరు. మొదటి హోల్డరులో పాతకాలపు గాజు బల్బు, రెండో దాంట్లో మెలికలు తిరిగిన సీఎఫ్ఎల్, మూడో దాంట్లో ఎల్ఈడీ. పాపం ఎవరో ఒక బల్బు కొనుక్కుని పోదామని వస్తారు. ఆయన వదలడు.

"ఏ గదికమ్మా? రోజుకి ఎంతసేపు వేస్తారు? ఆ వెలుతుర్లో ఏం పని చేస్తారు?"

పిల్లనిచ్చేవాళ్ళు కూడా అన్ని ప్రశ్నలు అడగరు. సమాధానం ఏదైనా సరే, ఆ తర్వాత పాఠం మాత్రం మారదు. మొదటి స్విచ్చి వేసి మనిషి చెయ్యి బల్బు దగ్గరికి లాగేవాడు. "వేడి చూశారా? ఇది లైటు కాదండీ, పొయ్యి. అరవై వాట్లు తాగుతుంది, అందులో పదో వంతు కూడా వెలుతురివ్వదు. ఇక రెండోది, పద్నాలుగు వాట్లు. పొదుపే, కానీ లేవడానికి బద్ధకం. వేసిన కాసేపటికి గానీ పూర్తిగా వెలగదు. పగిలితే లోపల పాదరసం ఉంటుంది, పిల్లలున్న ఇంటికి మంచిది కాదు. ఇదిగో, ఇది తొమ్మిది వాట్లు. మూడూ ఇచ్చేది ఒకటే వెలుతురు. అరవై ఎక్కడ, తొమ్మిది ఎక్కడ?"

"ధర మాత్రం మండిపోతోంది కదయ్యా," అనేవాళ్ళు.

"దీని ధరకి గాజు బల్బులు ఎనిమిది వస్తాయి, కాదనను. ఆ ఎనిమిదీ ఒకదాని తర్వాత ఒకటి మాడిపోయినా ఇది వెలుగుతూనే ఉంటుంది. ఈలోపు అవి తాగిన కరెంటు ఎవరి నెత్తిన? మీ నెత్తినే కదా."

చివర్లో బల్బుని కాగితంలో చుట్టి ఇస్తూ, గొంతు తగ్గించి రహస్యం చెబుతున్నట్టు అనేవాడు. "వీటన్నిటికంటే పొదుపైన బల్బు ఇంకోటుందండీ."

"ఏంటది?"

"వెయ్యని బల్బు."

ఈ జోకు నేను ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. వీధిలో అందరికీ వచ్చు. అయినా కొన్నవాళ్ళంతా ఆ మాట అనేదాకా కౌంటరు దగ్గర నిలబడేవాళ్ళు, విని నవ్వి వెళ్ళేవాళ్ళు. అది కూడా బల్బుతో పాటు ఇచ్చే వస్తువేమో అన్నట్టు ఉండేది.

ఆయన మా ఇంటికి మొదటిసారి వచ్చింది కూడా లైటు బిగించడానికే. మా అక్క తలుపు తీసింది. ఈ మహానుభావుడు ఆమె వంక చూడకుండా నేరుగా పైకప్పు వంక చూసి, "వంద వాట్లా? ఇంత చిన్న గదికా?" అన్నాడట. అక్క నవ్వింది. ఆ నవ్వు పెళ్ళిదాకా పోయింది. వాళ్ళకి పిల్లలు కలగలేదు. కింద వాటాలో వాళ్ళిద్దరూ, పైన ఒంటిగదిలో నేను. నాకు సంబంధాలు కుదరలేదు. కుదరకపోవడమే బాగా కుదిరిందని అక్కతో అనేదాన్ని, అక్క చెవులు మూసుకునేది.

అక్క కుట్టుపని చేసేది. ముందుగదిలో కిటికీ పక్కన కాలితో తొక్కే మిషను. మోటారు పెట్టిస్తానని బావ ఎంత బతిమాలినా ఒప్పుకోలేదు. "మోటారు దాని ఇష్టం వచ్చినట్టు పరిగెడుతుందండీ. కాలైతే నా మాట వింటుంది," అనేది. నేను పనిచేసేది యూనిఫారాలు, కర్టెన్లు అమ్మే గుడ్డల షాపులో. అక్కడి పని మూటగట్టి అక్కకి నేనే తెచ్చేదాన్ని, అయ్యాక నేనే పట్టుకెళ్ళేదాన్ని. అక్క కుట్టిన అంచు తిరగేసి చూసినా ఏది లోపలివైపో ఏది పైవైపో చెప్పలేమని మా షాపులో అనేవాళ్ళు. అక్కకి తనంటే ఉన్న గౌరవమంతా ఆ మాటలోనే ఉండేది. ఒంట్లో బాగాలేకపోయినా, ఇంట్లో గొడవపడినా మిషను దగ్గర కూచుంటే చాలు, మనిషి కుదుటపడేది.

మొదటి తప్పు ముదురు నీలం యూనిఫారాల్లో దొరికింది. మూటంతా నల్లదారంతో కుట్టేసింది. షాపులో నాలుగు చీవాట్లు తిని మూట వెనక్కి తెచ్చాను.

"అక్కా, ఏంటిది? నలుపూ నీలమూ తెలియలేదా?"

అక్క దారపు ఉండ కిటికీ దగ్గరికి పట్టుకుని చూసింది. బావ అందుకున్నాడు.

"తప్పు దానిది కాదే, బల్బుది. పసుపు లైటు కింద నీలం నల్లగానే కనబడుతుంది. నీకు తెలీకపోతే తెలుసుకో. రేపే తెల్లలైటు తెస్తాను."

ఆయన చెప్పింది నిజమే. పసుపు వెలుతుర్లో ముదురు నీలం నల్లగానే ఉంటుంది. ఆయన దగ్గర ఎప్పుడూ ఇదే చిక్కు, చెప్పేవన్నీ నిజాలే. తెల్లలైటు వచ్చింది. ఆ తర్వాత అక్క గుమ్మం చెక్కకి భుజం తగిలించుకుంది. టీ గ్లాసు బల్ల అంచు అవతల పెట్టింది. సాయంత్రం పూట మెట్టు మెట్టుకీ కాలితో తడుముతూ దిగడం మొదలుపెట్టింది. అప్పుడు కంటి డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళాం.

డాక్టరు చుక్కలు వేసి, లోపలికి లైటు కొట్టి చాలాసేపు చూశాడు. కంటి వెనక తెర ఎండిపోతోందన్నాడు. మందు లేదన్నాడు. ఆపరేషనూ లేదన్నాడు. మేము ఇంకా కుర్చీల్లోంచి లేవకపోవడం చూసి, పంపించడానికి ఏదో ఒకటి చెప్పాలి కాబట్టి, "పని చేసుకునేటప్పుడు మంచి వెలుతురు ఉండేలా చూసుకోండి," అన్నాడు.

అంతే. మా బావ డాక్టరు చెప్పిన మాటల్లో మొదటివన్నీ ఆస్పత్రి మెట్ల మీదే వదిలేసి, చివరిది ఒక్కటే ఇంటికి తెచ్చుకున్నాడు. వెలుతురు ఆయనకి తెలిసిన విద్య. ఇంకొకరికి ఆ మాట చెబితే ఊరుకునేవాళ్ళేమో, బల్బులమ్మేవాడికి చెప్పారు. మందు లేని జబ్బుకి తన కొట్లో మందుందని ఆయన నిజంగా నమ్మాడు. ఆ నమ్మకం చూసి నాకు జాలి కలగలేదు, ఒళ్ళు మండింది.

"బావా, అది కంటికొచ్చిన జబ్బు. కరెంటుకొచ్చింది కాదు," అన్నాను.

"నీకేం తెలుసే. సగం మందికి కళ్ళు బాగానే ఉంటాయి, ఇంట్లో వెలుతురే ఉండదు. ఏ పనికి ఎంత వెలుతురు కావాలో లెక్కుంది. ఆ లెక్క కుదిరితే చాలు."

లెక్క కుదర్చడం మొదలైంది. కుట్టుమిషను ఉన్న గది లైట్లకి విడిగా ఒక చిన్న మీటరు బిగించాడు. ఏ బల్బు ఎంత తాగుతుందో, ఏది వేసినప్పుడు అక్క తేలిగ్గా కుడుతుందో పక్కపక్కన పెట్టి చూస్తాడట. మొదట వంద వాట్ల గాజు బల్బు మిషను మీదికి వేలాడదీశాడు. నుదురు మాడిపోతోందని, చెమట గుడ్డ మీద పడుతోందని అక్క మూడోనాటికి మొర పెట్టుకుంది. అది తీసి మెలికల బల్బు పెట్టాడు. వెలుతురు వణుకుతున్నట్టుందంది. గొట్టంలైటు పెట్టాడు. నీడ సూది మీదే పడుతోందంది. ఆఖరికి తొమ్మిది వాట్ల ఎల్ఈడీలు రెండు, కుడివైపు ఒకటి ఎడమవైపు ఒకటి, నీడ పడకుండా కొలిచి మరీ బిగించాడు.

"ఇప్పుడెలా ఉంది?"

"నయంగా ఉందండీ," అంది అక్క.

బావకి మాట చాలదు, పరీక్ష కావాలి. "సూదిలో దారం ఎక్కించు చూద్దాం," అన్నాడు. మిషను సూది బెజ్జం ఎంత ఉంటుందో కుట్టేవాళ్ళకి తెలుసు. అక్క దారం కొసని పెదాల మధ్య తడిచేసి, బొటనవేలి గోరుతో సూదిని తడిమి, ఒక్క ఊపులో ఎక్కించేసింది. బావ నా వంక చూశాడు. పరీక్షలో మొదటి ర్యాంకు వచ్చిన కొడుకుని చూసుకునే తండ్రి మొహం అది. నేనూ సంతోషించాను, ఎందుకు అబద్ధమాడాలి. ఎక్కించేటప్పుడు అక్క కళ్ళు మూసుకునే ఉండటం చూశాను. అలవాటేమో అనుకున్నాను.

కొన్నాళ్ళు అలాగే గడిచాయి. అక్క చేతిపని మళ్ళీ దారిలో పడింది. నెల తిరిగేసరికి బావ మీటరు ముందు నిలబడి వేళ్ళు మడిచేవాడు. రెండు బల్బులు, పద్దెనిమిది వాట్లు, రోజుకి ఆరు గంటల లెక్కన నెలకి మూడు యూనిట్ల పైచిలుకు కాలాలి. మొదటినెల అంతే కాలింది. ఆ తర్వాత రెండున్నరకి దిగింది. తర్వాత రెండు. చలి ముదిరి పొద్దు తొందరగా వాలే రోజుల్లో, అందరిళ్ళలో లైట్లు పెందలాడే వెలిగే రోజుల్లో, మా బావ మీటరు ఒక్క యూనిట్ దగ్గర కూచుంది.

ఆయన సంబరం చూడాలి. కొట్టుకొచ్చిన ప్రతివాడికీ చెప్పాడు. "కంపెనీవాళ్ళు చెప్పేది కాదండీ, నా ఇంట్లో మీటరు పెట్టి చూసిన మాట. మా ఆవిడ పగలూ సాయంత్రం దాని కిందే కుట్టుపని చేస్తుంది. లెక్క ప్రకారం కాలాల్సిన దాంట్లో మూడో వంతు కూడా కాలట్లేదు." ఆ రకం బల్బులు రెండు అట్టపెట్టెలు ఖాళీ అయ్యాయి. యజమాని మొదటిసారి ఆయన్ని కూచోబెట్టి టీ తాగించాడు. అక్క కూడా ఆ కబుర్లు విని నవ్వేది. "చూశావా, నేను కుడుతుంటే మీ బావకి పేరొస్తోంది," అనేది నాతో.

కానీ మా బావ నిజాయితీపరుడు, అదే ఆయనకి శత్రువు. సంబరం తగ్గాక లెక్క గుచ్చుకోవడం మొదలైంది. తొమ్మిది వాట్ల బల్బు తొమ్మిదే తాగాలి. ఎక్కువ తాగితే అది చెడ్డ బల్బు. మరి తక్కువ తాగితే? అలాంటి బల్బు ఇంకా పుట్టలేదు. రెండు బల్బులూ విప్పి కొట్టుకి తీసుకెళ్ళి పలక మీద పెట్టి చూశాడు. ఇదీ తొమ్మిదే, అదీ తొమ్మిదే. అయితే మీటరు మందగించి ఉండాలనుకున్నాడు. కొత్త మీటరు తెచ్చి బిగించాడు. కొత్తదీ పాతదాని మాటే చెప్పింది.

ఒక సాయంత్రం నేను షాపులో గుడ్డ కొలుస్తుంటే గుమ్మంలో నిలబడి ఉన్నాడు. ఆయన మా షాపుకి ఎన్నడూ రాలేదు.

"ఏంటి బావా, కర్టెన్లు కావాలా?" అన్నాను.

"పద, నడిచి వెళ్దాం."

"నీ సైకిలేది?"

"కొట్లోనే వదిలేశాను."

ఆ సైకిలు బ్రేకు పట్టుకుంటే వీధి మొదట్లోంచే కీచుమంటుంది. నూనె వెయ్యమని చెప్పీ చెప్పీ నా నోరు నొప్పెట్టింది. అది లేకుండా ఆయన ఇంటికి వెళ్ళడం నేనెప్పుడూ చూడలేదు. బేకరీ మలుపు దగ్గర ఆగాడు.

"లెక్కలో మూడే ఉంటాయే. వాట్లు, గంటలు, మీటరు. వాట్లు సరిగ్గానే ఉన్నాయి. మీటరు మార్చి చూశాను."

మూడోది ఆయన పైకి అనలేదు.

మేము వెళ్ళేసరికి చీకటి పడిపోయింది. పక్కిళ్ళలో లైట్లు వెలుగుతున్నాయి. మా ముందుగది కిటికీ నల్లగా ఉంది. లోపలినుంచి మిషను చప్పుడు వస్తోంది. ఆగకుండా, తడబడకుండా, ఎప్పుడూ వినే చప్పుడే. చీకటిగదిలో మా అక్క కుట్టుకుంటోంది.

తలుపు దగ్గరగా వేసి ఉంది. బావ మెల్లగా తోశాడు. గుమ్మం పక్కన స్విచ్చి మీద చెయ్యి వేసి నొక్కాడు. మిషను చప్పుడులో ఆ టక్కుమన్న శబ్దం కలిసిపోయింది. ఆయన కొలిచి బిగించిన రెండు బల్బులూ ఒక్కసారే వెలిగాయి. గుడ్డ మీద ఎక్కడా నీడ లేదు. అక్క తల ఎత్తలేదు. కాళ్ళు అదే లయలో ఆడుతున్నాయి, వేళ్ళు సూదికి అటూ ఇటూ అంచుని తడుముతూ ముందుకు జరుపుతున్నాయి.

బావ అడుగు వేశాడు. చెప్పు చప్పుడుకి మిషను ఆగింది.

"వచ్చారా? సైకిలు వినబడలేదే," అంది అక్క. మొహం గుమ్మం వైపు తిప్పింది. అంత వెలుతుర్లో ఆమె మొహం మీద సన్నటి వెంట్రుకలు కూడా కనబడుతున్నాయి నాకు. "కరెంటు పోయిందండీ. ఇప్పుడే. కాస్త ఆగండి, వచ్చేస్తుంది."

నేను నోరు తెరిచాను. బావ నా చెయ్యి పట్టుకుని నొక్కాడు.

"అవును," అన్నాడు. "వీధి వీధంతా పోయింది."

ఆ వెలుగులో ముగ్గురం అలా కూచున్నాం, కరెంటు వస్తుందని ఎదురు చూస్తూ. అక్క అగ్గిపెట్టె ఎక్కడుందో చెప్పింది. కొవ్వొత్తి వద్దులే అన్నాడు బావ. కాసేపయ్యాక లేచి వెళ్ళి స్విచ్చి ఆపి, మళ్ళీ గట్టిగా, అక్కకి వినబడేలా వేశాడు. "వచ్చింది," అన్నాడు.

"హమ్మయ్య," అంది అక్క. తల ఎత్తి బల్బుల వంక చూసి, కళ్ళు చికిలించింది.

మెట్ల దగ్గర ఆయన చొక్కా పట్టుకుని ఆపాను. "ఏంటీ నాటకం? ఎవరి కోసం?"

"నా కోసమే. నా బల్బులు పనిచేస్తున్నాయని నేను మురిసిపోతుంటే చెప్పలేకపోయింది. సైకిలు వినబడగానే లేచి లైటు వేసేది, అంతే."

"ఇప్పుడు తెలిసింది కదా. వెళ్ళి చెప్పు."

"చెబితే ఏం చేస్తుంది? మిషను మూస్తుంది. మిషను మూసి ఆ గదిలో ఏం చేస్తుందో నువ్వే చెప్పు."

ఇలాంటప్పుడు నాకు ఏడుపు రాదు, కోపమే వస్తుంది. "మీరిద్దరూ దొంగలే," అని పైకి వెళ్ళిపోయాను.

ఆయన ఒక్కడే డాక్టరు దగ్గరికి వెళ్ళి జరిగింది చెప్పి వచ్చాడు. ఇంక వెలుతురూ చీకటీ తేడా తెలిసే అవకాశం లేదని, తిరిగి రావడమన్నది ఉండదని చెప్పారట. చెప్పి, ఈసారి చివర్లో ఏమీ అనలేదట. ఆ మాట చెబుతున్నప్పుడు బావ గొంతులో డాక్టరు మీద కోపం వినిపించింది. ఏదో ఒకటి అనుండాల్సిందని ఆయన కోపం.

అప్పటినుంచి సైకిలు కీచుమనడం ఒక్కటే చాలదని, వీధి మొదట్లో బెల్లు కూడా కొట్టడం మొదలుపెట్టాడు. ఒకసారి కాదు, ఆపకుండా. పిల్లలు వెక్కిరించేవాళ్ళు. కొట్టి, బేకరీ మలుపు దగ్గర దిగి నిలబడేవాడు. మా ముందుగది కిటికీ వెలిగేది. అది వెలిగాక సైకిలెక్కి వచ్చేవాడు. "లైటు బాగుందా?" అని అడిగేవాడు. "బాగుందండీ," అనేది అక్క. నేను మేడ మీదనుంచి ఇదంతా చూసేదాన్ని. చూసి లోపలికి వెళ్ళి తలుపు వేసుకునేదాన్ని.

పని మాత్రం నాటకానికి లొంగదు. యూనిఫారాలు ఇవ్వడం మానేశాను, అడిగితే ఇది సీజను కాదన్నాను. కర్టెన్ల అంచులే తెచ్చేదాన్ని. పైన నా గదిలో మడత పెట్టి, ఇస్త్రీతో అదిమి, ఇదిగో ఇక్కడినుంచి ఇక్కడిదాకా తిన్నగా వెళ్ళడమే అని ఇచ్చేదాన్ని. అక్క అడక్కుండానే తీసుకునేది. ఎందుకు మడతపెట్టి తెస్తున్నావని ఒక్కసారి కూడా అడగలేదు. వంకర పోయినవి పైన కూచుని నేనే విప్పి కుట్టేదాన్ని. ఆ వంకరలు నెలనెలా ఎక్కువయ్యాయి. ఇక ఈ కాస్త పని కూడా ఆపేయాల్సి వస్తుందని నాకు తెలుసు. ఎలా చెప్పాలన్నది తెలియలేదు.

ఒకసారి తెచ్చిన కర్టెను గట్టి గుడ్డ. నిలువెత్తుది. సాయంత్రం నేను దిగి వెళ్ళేసరికి బావ ఇంట్లోనే ఉన్నాడు, లైట్లు వెలుగుతున్నాయి. అక్క కుట్టడం పూర్తిచేసి గుడ్డని నాలుగు మడతలు వేసి ఒళ్ళో పెట్టుకుంది.

"చూడండి ఎలా వచ్చిందో. ఈ రంగు నాకు బాగా నచ్చింది," అంటూ బావకి అందించింది.

బావ మడతలు విప్పాడు. ఇస్త్రీ చేసిన అంచు ఆయన చేతిలో మెల్లగా తెరుచుకుంది. ఎత్తి బల్బుకి అడ్డంగా పట్టుకున్నాడు. అంచు పొడుగునా, ఈ కొసనుంచి ఆ కొసదాకా, సన్నటి చిల్లుల్లోంచి వెలుతురు బయటికొస్తోంది. చిల్లులే ఉన్నాయి. దారం లేదు. మొదట్లోనే ఎక్కడో తెగిపోయి ఉంటుంది. అక్కకి తెలియలేదు. అదే లయతో, అదే ఓపికతో ఉత్తసూదితో అంచు మొత్తం కుట్టేసింది. గుడ్డ ఊడకుండా పట్టుకుంది నేను చేసిన ఇస్త్రీయే.

చిల్లుల వరస మాత్రం గీత గీసినట్టుంది. ఆ రోజు ఒక్క వంకర లేదు.

"బాగా రాలేదా?" అంది అక్క.

"తిన్నగా వచ్చింది," అన్నాడు బావ. "ఒక్క వంకర లేదు."

"అంతా మీ లైటు చలవే," అని అక్క నవ్వింది.

మర్నాడు ఆ కర్టెను కోసం కొట్టుకి వెళ్ళాను. కొట్లో చూపించడానికని బావ దాన్ని పొద్దున్నే పట్టుకుపోయాడని అక్క సంబరంగా చెప్పింది. కౌంటరు వెనక స్టూలు మీద కూచుని ఉన్నాడు. ముందు పలక మీద మూడు బల్బులూ వెలుగుతున్నాయి, అరవై వాట్లదీ, పద్నాలుగుదీ, తొమ్మిదిదీ. చూపించాల్సిన పని లేకుండా ఒక్క బల్బు ఒక్క నిమిషం వెలిగినా సహించని మనిషి ఆయన. ఒళ్ళో కర్టెను పరుచుకుని, వేళ్ళు బల్బుకి ఆనేంత దగ్గరగా సూది పట్టుకుని ఉన్నాడు. పుట్టి బుద్ధెరిగి సూది పట్టినవాడు కాదు. అక్క పొడిచిన చిల్లుల్లోంచే ఒక్కొక్కటిగా దారం దూర్చుకుంటూ జానెడు కుట్టాడు. ఒక్క చిల్లు కూడా వదిలిపెట్టలేదు. అక్కడ దారం అయిపోయింది.

పాత కొనుగోలుదారు ఒకావిడ బల్బు కాగితంలో చుట్టించుకుని, జోకు కోసం ఇంకా నిలబడి ఉంది. "అన్నిటికంటే పొదుపైంది ఏదన్నావు?" అని ఆమే అందించింది. బావ తల ఎత్తలేదు. ఆమె నా వంక చూసి, ఏమీ అర్థం కాక, వెళ్ళిపోయింది.

బావ కొత్త దారం తీసి సూది దగ్గరికి తెచ్చాడు. కొస బెజ్జం పక్కనుంచి పోయింది. పెదాలతో తడిచేసి మళ్ళీ పెట్టాడు. మళ్ళీ పక్కకే పోయింది. సూదీ దారమూ నా వైపు చాచాడు.

"నువ్వు ఎక్కించి పెట్టవే. ఎంత వెలుతురున్నా నాకు కనబడట్లేదు," అన్నాడు.

ఎక్కించి ఇచ్చాను.